సూర్యకాంతం అంటే తిట్టా?

మీ బళ్ళో గానీ, కాలేజీలో గానీ, చుట్టాల్లో గానీ సూర్యకాంతం అనే పేరున్న అమ్మాయి ఒక్కతైనా ఉందా? ఒకసారి గుర్తు చేసుకుని చూడండి. నాకైతే లేదు. మా అమ్మమ్మ వయసు వాళ్ళలో ఉండేవారు. ఆ తరవాత ఆ పేరు తెలుగిళ్ళలోంచి మెల్లిగా జారిపోయింది. సావిత్రులున్నారు, జమునలున్నారు, అంజలులు ఇప్పటికీ పుడుతూనే ఉన్నారు. సూర్యకాంతం మాత్రం లేదు.

ఒక మంచి పేరుని మనకి దక్కకుండా చేసేసింది మహాతల్లి అని పెద్దవాళ్ళు నవ్వుతూ అంటుంటారు. అది ఆవిడ నటనకి పెద్ద కితాబే, కాదనను. కానీ నాకు మాత్రం ఆ పేరుని పోగొట్టింది ఆవిడ కాదు, మనమే అనిపిస్తుంది. ఆవిడ వేషం వేసి, మాట నప్పచెప్పి, మేకప్ తుడుచుకుని ఇంటికెళ్ళిపోయారు. ఆ పేరుని మన ఇళ్ళల్లోకి తెచ్చుకుని, నోరున్న ప్రతి ఆడదాని మీదా అంటించింది మనం. అందుకే ఈ నాలుగు మాటలూ రాస్తున్నాను.

సూర్యకాంతం గారు 1924 అక్టోబరు 28న కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టారు. అంటే 2024కి నూరేళ్ళు నిండాయి. ఆటా పాటా నేర్చుకుని, సినిమా పిచ్చితో మద్రాసు చేరారు. 1948లో వచ్చిన జెమినీ వారి 'చంద్రలేఖ'లో నాట్యం చేసిన అమ్మాయిల్లో ఆవిడా ఒకరు. వచ్చింది అందరిలాగే హీరోయిన్ అవుదామని. 'సౌదామిని'లో ఆ అవకాశం చేతికందినట్టే అంది, ప్రమాదంలో ముఖానికి దెబ్బ తగలడంతో జారిపోయిందని ఆవిడ గురించి రాసినవాళ్ళు చెబుతారు. 1950లో ఎల్.వి. ప్రసాద్ గారి 'సంసారం'లో గయ్యాళి అత్త వేషం వచ్చింది. ఆ ఏడాదే పెద్దిభొట్ల వెంకట చలపతిరావు గారితో పెళ్ళీ అయింది. ఇంట్లో కొత్త కోడలు, తెర మీద గయ్యాళి అత్త. చిత్రంగా లేదూ?

ఇక్కడ కాస్త లెక్కలు వేద్దాం. ఆడవాళ్ళ వయసు లెక్కలు వేయకూడదంటారు గానీ, ఇది వేయాల్సిన లెక్కే.

'సంసారం' నాటికి ఆవిడకి 26 ఏళ్ళు. ఆ సినిమాలో హీరోలు ఎన్.టి. రామారావు, అక్కినేని నాగేశ్వరరావు. రామారావు గారు పుట్టింది 1923 మేలో, నాగేశ్వరరావు గారు పుట్టింది 1924 సెప్టెంబరులో. అంటే ఇద్దరూ ఆవిడకన్నా పెద్దవాళ్ళే! 1957లో 'మాయాబజార్' చూడండి. ఆవిడ హిడింబి, ఎస్.వి. రంగారావు గారు ఆవిడ కొడుకు ఘటోత్కచుడు. రంగారావు గారు పుట్టింది 1918లో. తనకన్నా ఆరేళ్ళు పెద్దవాడికి తల్లి. మళ్ళీ 1961లో 'వెలుగునీడలు'లో అదే రంగారావు గారికి భార్య. 1962లో 'గుండమ్మ కథ' వచ్చేనాటికి ఆవిడకింకా 38 నిండలేదు. రామారావు గారు, నాగేశ్వరరావు గారు అందులో పెళ్ళి కావలసిన కుర్రాళ్ళు. ఆవిడ పెళ్ళికూతుళ్ళ తల్లి.

ముప్ఫైలు దాటకుండానే ఆవిడ తెలుగువాళ్ళందరికీ పెద్దావిడ అయిపోయారు. ఆ పెద్దరికాన్నే పట్టుకుని ఎవరూ అందుకోలేని ఎత్తుకి వెళ్ళారు, అది ఆవిడ గొప్ప. ఎడమచెయ్యి తిప్పుతూ, కొంగు బిగిస్తూ, ఊపిరి తిరగనివ్వకుండా మాట్లాడుతుంటే ఒక్క అక్షరం కూడా పొల్లుపోదు. మీరెప్పుడైనా సౌండు తగ్గించి ఆవిడ సీన్లు చూశారా? చూడండి. ఎవర్ని తిడుతున్నారో, ఎందుకు తిడుతున్నారో అంతా అర్థమవుతుంది. సౌండు పెంచి కళ్ళు మూసుకున్నా అర్థమవుతుంది.

ఇంత మంది హేమాహేమీలున్న సినిమాకి పేరు ఎవరి మీద పెట్టారు? గుండమ్మ మీద. రామారావు, నాగేశ్వరరావు, రంగారావు, సావిత్రి, జమున, అందరూ ఉండగా అది 'గుండమ్మ కథ'. ఆ సినిమాని మళ్ళీ తీద్దామని ఎవరెవరో అనుకోవడం, గుండమ్మ దొరక్క మానుకోవడం మనం వింటూనే ఉన్నాం. హీరోలకి బదులు హీరోలు దొరుకుతారు గానీ ఆవిడకి బదులు దొరకలేదన్నమాట.

ఇంకో సంగతి చెప్పనా? గయ్యాళి అత్త అనగానే మనకి గుండమ్మే గుర్తొస్తుంది కదా. అసలు ఆ సినిమాలో గుండమ్మ గొడవంతా అత్తగా కాదు, సవతితల్లిగా. సవతి కూతురు లక్ష్మిని పనిమనిషిలా చూస్తుంది, కన్నకూతురు సరోజని నెత్తిన పెట్టుకుంటుంది. పైగా ఆవిడ భర్త పోయిన మనిషి. ఇల్లూ వాకిలీ, ఆస్తీ, పిల్లల పెళ్ళిళ్ళూ అన్నీ ఒంటిచేత్తో చూసుకుంటోంది. చుట్టూ ఘంటయ్య లాంటి వాళ్ళు ఆ ఆస్తి మీద కన్నేసి తిరుగుతుంటారు. లక్ష్మిని అలా చూడటం తప్పే. అందులో రెండో మాట లేదు. కానీ ఆ ఇంట్లో ఆవిడ నోరు మెత్తగా ఉండి ఉంటే ఆ ఇల్లు నిలిచేదా? సినిమా ఆ ప్రశ్న అడగదు. మనం అడగొచ్చు.

ఆవిడ సినిమాలు వరసగా చూస్తే నాకు ఒకటి కనిపిస్తుంది. గొడవలన్నీ దేని గురించి? 'తోడికోడళ్ళు'లో ఉమ్మడి ఇంటి పెత్తనం ఎవరి చేతిలో ఉండాలన్న దాని గురించి. 'వెలుగునీడలు'లో పెంచుకున్న పిల్లకీ కడుపున పుట్టిన పిల్లకీ మధ్య ఏది ఎవరికి చెందాలన్న దాని గురించి. బియ్యం, నూనె, నగలు, తాళాల గుత్తి. ఇవే కదా అప్పటి ఆడవాళ్ళ చేతిలో ఉన్న సర్వస్వం? జీతం లేదు, బ్యాంకులో ఖాతా లేదు, పొలం కాగితం మీద పేరు లేదు. ఇరవై, పాతికేళ్ళు ఒకరి కింద అణిగి ఉంటే, ఎప్పటికో ఒక తాళాల గుత్తి బొడ్లో చేరుతుంది. సరిగ్గా అప్పుడే గుమ్మంలోకి ఇంకో అమ్మాయి కుడికాలు పెట్టి వస్తుంది. మరి గుత్తి గట్టిగా పట్టుకోదూ?

అలాగని కోడళ్ళని ఏడిపించిన అత్తగార్లని నేను వెనకేసుకు రావట్లేదు. కడుపునిండా తిండి పెట్టని అత్తలు, పుట్టింటి నుంచి ఇంకా తెమ్మని పీడించిన అత్తలు నిజంగానే ఉన్నారు, ఇప్పటికీ ఉన్నారు. 1983లో 498ఏ సెక్షను ఊరికే రాలేదు. ఆ బాధ పడ్డవాళ్ళకి ఈ సినిమాలు చూస్తే నవ్వు రాకపోవచ్చు, రావాలని కూడా లేదు. నేను అంటున్నదల్లా ఒకటే. కోడల్ని హింసించడం వేరు, గట్టిగా మాట్లాడటం వేరు. మనం మాత్రం రెండిటికీ కలిపి ఒకే పేరు పెట్టేశాం.

ఇంకా విచిత్రం ఆ సినిమాల్లో మగవాళ్ళు. ఆవిడ పక్కన రేలంగి ఉంటారు, రమణారెడ్డి ఉంటారు, రంగారావు ఉంటారు. చాలాసార్లు ఆ భర్త పాపం మంచివాడు. పెళ్ళాం నోటికి జడిసి పేపరు వెనకో, ఉత్తరీయం వెనకో దాక్కుంటాడు. చాటుగా కోడలి మీదో, సవతి కూతురి మీదో జాలి పడతాడు. మనం కూడా ఆయన మీద జాలి పడతాం. కానీ ఇంటి పెద్ద ఆయనే కదండీ! ఆ పిల్లకి అన్యాయం జరుగుతుంటే చూస్తూ కూర్చున్న మనిషిని మంచివాడని ఎలా అంటాం? భార్య చెడ్డపేరు మోస్తుంటే ఆయన మంచిపేరు మోశాడు. వచ్చిన లాభంలో మాత్రం ఇద్దరికీ వాటా ఉంది. నోరు మూసుకుని చూసే మామగారికి మన భాషలో ఒక తిట్టుపేరు ఇంతవరకూ పుట్టలేదు. ఎందుకు పుట్టలేదో మీరే ఆలోచించండి.

ఇదంతా పాత సినిమాల ముచ్చట, ఇప్పుడెవరు పట్టించుకుంటారు అనుకుంటున్నారా? మా అపార్ట్‌మెంట్ సంగతి చెబుతాను వినండి.

మేముండేది బర్కత్‌పురాలో. పాత ఇళ్ళు పడగొట్టి కట్టిన అపార్ట్‌మెంట్లు మా వీధి నిండా ఉన్నాయి, మాదీ అలాంటిదే. ఎండాకాలం వచ్చిందంటే ట్యాంకర్లు తప్పవు. మా మూడో అంతస్తులో డెబ్భై దాటిన ఒక పెద్దావిడ ఉన్నారు. అందరం పిన్నిగారూ అంటాం. మొన్న వేసవిలో ఆవిడ మా వాట్సాప్ గ్రూపులో వాయిస్ మెసేజ్ పెట్టారు. ఈ నెలలో ఎన్ని ట్యాంకర్లొచ్చాయి, ఒక్కోదానికి ఎంతిచ్చారు, ఆ లెక్క కాగితం మీద రాసి లిఫ్టు పక్కన అంటించండి అని. గొంతు కాస్త గట్టిగానే ఉంది. ఆవిడ గొంతే అంత, శుభాకాంక్షలు చెప్పినా అలాగే ఉంటుంది.

రెండు నిమిషాల్లో ఎవరో ఒకాయన ఎడమచెయ్యి తిప్పుతున్న సూర్యకాంతం బొమ్మ పెట్టారు. దాని కింద వరసగా నవ్వుల బొమ్మలు. వాటిలో ఆడవాళ్ళు పెట్టినవీ ఉన్నాయి. పిన్నిగారు మళ్ళీ మాట్లాడలేదు. ఆ తరవాత ఆవిడ గ్రూపులో పండగ శుభాకాంక్షలు తప్ప ఏమీ పెట్టలేదు. ట్యాంకర్ల లెక్క మాత్రం ఇంతవరకూ లిఫ్టు పక్కకి రాలేదు.

చూశారా, ఆ ఒక్క బొమ్మ ఎంత పని చేసిందో! ప్రశ్నకి జవాబు చెప్పక్కర్లేకుండా పోయింది. ఎవరూ ఆవిణ్ణి తిట్టలేదు, కాబట్టి ఆవిడ బాధపడటానికీ వీల్లేదు. సరదాకన్నాం కదా అంటారు. అదే మాట మగాయన అంతే గట్టిగా అడిగి ఉంటే ఏ రాజనాల బొమ్మో పెట్టి నవ్వేవారా? పెట్టరు. ఆయన నిక్కచ్చి మనిషి అనేవారు. లెక్క కూడా చెప్పేవారేమో.

ఇళ్ళల్లో కూడా ఇంతే. బిడ్డ పుట్టగానే ఉద్యోగం ఎవరు మానాలి అని కోడలు గట్టిగా అడిగితే చిన్న సూర్యకాంతం. నా పేరున ఉన్న ఫిక్సెడ్ డిపాజిట్ ఎందుకు తీశారు అని తల్లి అడిగితే పెద్ద సూర్యకాంతం. ఆస్తిలో నా వాటా ఏది అని ఆడపడుచు అడిగితే ఇంకో సూర్యకాంతం. గమనించండి, ఆ పేరు ఎప్పుడూ డబ్బు గురించో, పని గురించో, హక్కు గురించో అడిగినప్పుడే పడుతుంది. మా ఇంట్లో చుట్టాలొచ్చినప్పుడు నలభై మందికి వంట చేస్తూ నేను అరిచిన అరుపులకి ఎవరూ ఆ పేరు పెట్టలేదు. వడ్డన త్వరగా అవుతోందిగా మరి!

చాలామంది ఆవిణ్ణి సమర్థిస్తూ ఒక మాట చెబుతారు. మా ఇంటికి దగ్గర్లోనే చిక్కడపల్లి త్యాగరాయ గానసభ ఉంది. పాత పాటల కార్యక్రమాలకి నేనూ వెళ్తుంటాను. ఆవిడ పేరు ఎత్తగానే ముందు హాలంతా నవ్వుతుంది, ఆ వెంటనే వ్యాఖ్యాత తెర మీదే అలాగండీ, బయట వెన్నలాంటి మనిషి అంటారు. షూటింగుకి ఇంటి నుంచి క్యారియర్లు తెచ్చి అందరికీ కొసరి కొసరి పెట్టేవారని చెబుతారు. నాగయ్య గారిని తిట్టే సీను చేసి, అవగానే ఆయన కాళ్ళకి దణ్ణం పెట్టుకున్నారనీ చెబుతారు. తోటి నటులు చెప్పిన సంగతులే అవి, వింటే ఇష్టంగానే ఉంటుంది.

కానీ నాకు ఇందులోనూ ఒక ముల్లు తగులుతుంది. పులిహోర తెచ్చి పెట్టింది కాబట్టి మంచిదనా? తెచ్చి పెట్టకపోతే? ఆవిడ 1940లలో మొదలుపెట్టి 1994లో వచ్చిన 'ఎస్.పి. పరశురామ్' దాకా నటించారు. ఆ డిసెంబరులోనే పోయారు. దగ్గర దగ్గర యాభై ఏళ్ళు, వందల సినిమాలు. పెళ్ళయ్యాక మానలేదు, వయసు మీద పడ్డాక మానలేదు. తిరుపతి పద్మావతి మహిళా విశ్వవిద్యాలయం వాళ్ళు గౌరవ డాక్టరేటు ఇచ్చారు. ఆడపిల్లలు చదువుకునే విశ్వవిద్యాలయం గయ్యాళి అత్తని పిలిచి డాక్టరు గారూ అని కూర్చోబెట్టింది, నాకు ఆ ముచ్చట క్యారియరు ముచ్చటకన్నా ఎక్కువ నచ్చుతుంది. మంచి ఆడది అనిపించుకోడానికి ఆవిడకి వంటింటి నుంచి సర్టిఫికెట్ అక్కర్లేదు. చేసిన పని చాలు.

ఇప్పుడు టీవీ సీరియళ్ళకి వద్దాం. మధ్యాహ్నం పనయ్యాక కాసేపు నేనూ చూస్తాను, దాపరికమేముంది. వాటిల్లో అత్తగార్లు అరవరు. పట్టుచీర కట్టుకుని, ఒంటినిండా నగలు పెట్టుకుని, గది మూలకెళ్ళి తమలో తాము మాట్లాడుకుంటారు. పాలల్లో ఏదో కలుపుతారు, మెట్ల మీద నూనె పోస్తారు. ముఖం మూడుసార్లు దగ్గరగా చూపిస్తారు, మూడుసార్లు ఉరుము ఉరుముతుంది. ఆ అత్తగారు ఒక్కనాడు కాఫీపొడి అయిపోయిందని గానీ, గ్యాస్ బుక్ చేయాలని గానీ అనదు. ఇంట్లో డబ్బు ఎక్కణ్ణించి వస్తోందో, ఎటు పోతోందో తెలీదు. ఆవిడ ఎందుకంత చెడ్డదో కూడా తెలీదు. పుట్టడమే అలా పుట్టింది.

సూర్యకాంతం అత్త అలా కాదు. ఆవిడ కోపం నూనె డబ్బా దగ్గర మొదలవుతుంది. ఆవిడ మనసులో ఏముందో వీధి చివరికి వినపడుతుంది. పక్కింటావిడకి తెలుసు, పాలవాడికి తెలుసు, కోడలికీ తెలుసు. గట్టిగా అడిగేదానికి గట్టిగా జవాబు చెప్పొచ్చు. చివర్లో ఎవరో ఒకరు చెప్పనే చెబుతారు కూడా. 'గుండమ్మ కథ'లో ఛాయాదేవి గారు ఎదురు నిలిచి గుండమ్మకి చుక్కలు చూపించే సీన్లు గుర్తున్నాయి కదా! అంతా అయ్యాక ఇల్లు మళ్ళీ ఒక్కటవుతుంది. సీరియల్లో అత్త మనసులో పెట్టుకున్నదానికి ఎవరు జవాబు చెప్పగలరు? రోజూ రాత్రి ఇవి చూసి, మన ఇంట్లో మౌనంగా ఉన్న మనిషి ఏం కుట్ర చేస్తోందో అని అనుమానపడటం నేర్చుకుంటున్నామేమో అని నాకు భయం.

ఆ పాత సినిమాలతో నాకొక పేచీ లేకపోలేదు. చివరి రీలులో గుండమ్మకి బుద్ధొస్తుంది, కన్నీళ్ళు పెట్టుకుంటుంది, అందరూ క్షమిస్తారు. గ్రూపు ఫోటోలా నిలబడతారు. ఇంటి లెక్కలు మాత్రం ఎక్కడివక్కడే ఉంటాయి. తాళాల గుత్తి ఒక బొడ్లోంచి ఇంకో బొడ్లోకి మారిందేమో, అంతే. మన ఇళ్ళల్లో నిజంగా మారిందేదైనా ఉంటే అది అత్తలకి బుద్ధొచ్చి మారలేదు. కాగితాల మీద ఆడవాళ్ళ పేర్లు ఎక్కడం మొదలై మారింది. తమాషా చూడండి, 'గుండమ్మ కథ'లో లక్ష్మిని కట్టుకున్న రామారావు గారు ముఖ్యమంత్రి అయ్యాకే, ఉమ్మడి ఆస్తిలో కూతుళ్ళకి కొడుకులతో సమానంగా వాటా ఇస్తూ మన రాష్ట్రంలో చట్టం వచ్చింది. 1985 సెప్టెంబరు 5 నుంచి అమలు. దేశమంతటికీ రావడానికి 2005 దాకా పట్టింది. పుట్టింటి వాటా ఉన్న ఆడపిల్ల అత్తింట్లో లక్ష్మిలా అంట్లు తోముతూ ఏడవక్కర్లేదు. చేతిలో తనదంటూ నాలుగు రూపాయలున్న అత్తగారు గుత్తిని అంత గట్టిగా పట్టుకోనక్కర్లేదు.

వచ్చే మాఘంలో మా అబ్బాయి పెళ్ళి. అంటే ఇంకొన్నాళ్ళకి నేనూ అత్తగారినే. ఇప్పటికే వదినలూ, తోడికోడళ్ళూ సలహాలు మొదలెట్టారు. కోడలొచ్చాక నోరు కాస్త తగ్గించుకో, లేకపోతే సూర్యకాంతం అంటారు అని. నోరు తగ్గించుకునే ఉద్దేశం నాకు లేదండీ. వచ్చే అమ్మాయి కూడా తగ్గించుకోకూడదనే నా కోరిక. కూరలో ఉప్పెక్కువైతే నేను చెబుతాను, ఆదివారం తొమ్మిదింటిదాకా పడుకుంటానంటే ఆ పిల్ల చెప్పాలి. ఇంటి ఖర్చు పుస్తకం బల్ల మీద ఉంటుంది, ఎవరైనా తెరిచి చూడొచ్చు. ఇద్దరం గట్టిగా మాట్లాడుకుంటుంటే మావారు పేపరు వెనక దాక్కోకుండా వచ్చి ఒక కుర్చీ లాక్కుని కూర్చోవాలి. అది ఆయనకి ముందే చెప్పాను. సరేనన్నారు, చూద్దాం.

మీరు మాత్రం ఒక పని చేయండి. ఈ వారం రోజులూ మీ ఇంట్లో గానీ, మీ గ్రూపుల్లో గానీ ఎవరైనా ఎవర్నైనా సూర్యకాంతం అంటే, దానికి ముందు ఆవిడ ఏం అడిగిందో గుర్తుపెట్టుకోండి. ఆ ప్రశ్న మళ్ళీ మీరు అడగండి. జవాబు వచ్చేదాకా అడగండి.